మౌనస్వామి వంతు

పండూ!

ఇలా పిలిస్తే మేడ మీది గదిలోంచి "వాట్ అమ్మా" అని కేక వచ్చేది. రెండోసారి పిలిస్తే "ఫైవ్ మినిట్స్" అనేదానివి. మూడోసారికి మెట్ల మీద అడుగుల చప్పుడు. ఇప్పుడు ఒక్కసారే పిలుస్తున్నాను. మూడుసార్లూ పిలిచి చూసే ధైర్యం లేదు.

చదివే వాళ్ళందరికీ నమస్కారం. మా అమ్మాయి పోయింది. నలభై రోజులు దాటింది. ముప్ఫై ఆరేళ్ళు ఇంకా నిండలేదు. కడుపులో కాన్సర్ అన్నారు. పద్నాలుగు నెలలు వైద్యం చేశారు. ఒక మంగళవారం పొద్దున, కిటికీలోంచి ఎండ వచ్చి పక్క మీద పడుతుండగా వెళ్ళిపోయింది. నేను పక్కనే ఉన్నాను. అది చెప్పాలి కాబట్టి చెప్పాను. ఇంక ఆ రోజు గురించి రాయను.

ఇక్కడ కెనడాలో, రాజధాని ఒట్టావా పక్కన మా కనాటాలో తెలుగువాళ్ళ పత్రిక నడిపే పిల్లలు ఇంటికొచ్చి, "ఆంటీ, అక్క గురించి మీరే రాయండి, మీరు ఎలా చెబితే అలాగే వేస్తాం" అన్నారు. నేను ఏడో తరగతితో బడి మానేసినదాన్ని. మేనమామకిచ్చి చేశారు. ఆయన ఇంజనీరు. ఇక్కడ టెలిఫోన్ పరికరాలు చేసే కంపెనీలో ఉద్యోగం వస్తే, ఆరేళ్ళ పిల్లని పక్కన కూర్చోబెట్టుకుని విమానం ఎక్కి వచ్చాం. ఆయన పోయి ఎనిమిదేళ్ళయింది. అప్పటినుంచీ ఇంట్లో నేనూ అదీ. నాకు ఉత్తరం రాయడం తప్ప ఇంకోలా రాయడం చేతకాదు. దీన్ని కూడా ఉత్తరమే అనుకోండి.

తెలిసినవాళ్ళ పిల్లలందరూ కంప్యూటర్లు చదివితే ఇది హిస్టరీ చదివింది. వాళ్ళ నాన్న రెండు నెలలు దానితో సరిగ్గా మాట్లాడలేదు. "పోయినవాళ్ళ గురించి చదివి ఏం చేస్తావే?" అన్నారు ఒకరోజు. "ఉన్నవాళ్ళని చూసుకోడానికి మీరంతా ఉన్నారుగా నాన్నా" అంది. ఆయనకి కోపం వచ్చింది గానీ, ఆ రాత్రి ఆ మాట మా అన్నయ్యకి ఫోన్లో చెప్పి నవ్వారు.

చివరికి దానికి దొరికిన పని కూడా పోయినవాళ్ళతోనే. ఈ దేశానికి వందేళ్ళ కిందట ఒక పార్లమెంటు ఉండేది. పదిహేనోది అట. అందులో కూర్చున్న మెంబర్లందరి మీదా ఒక పుస్తకం తేవాలి. మనిషికి ఒక పేజీ. మొత్తం రెండు వందల నలభై అయిదు మంది. ఆ పుస్తకం తయారుచేసే చిన్న ఆఫీసులో దీనితో కలిపి నలుగురు. "ఇప్పుడున్న మెంబరు పేరే నాకు తెలీదు, వందేళ్ళ కిందటివాళ్ళు ఎవరికి కావాలే?" అన్నాను. "నాకు కావాలి" అంది. అంతే.

ఒక ఆదివారం భోజనాల బల్ల మీద పెద్ద కాగితం పరిచింది. సభలో ఎవరెక్కడ కూర్చునేవారో గీసిన బొమ్మ. రెండు వైపులా వరసలు. ఎదురుబొదురు మొహాలు. మధ్యలో ఖాళీ బాట. ఆ చివర స్పీకరు కుర్చీ. నాకు చూడగానే తెలిసిపోయింది.

"ఇది పెళ్ళి పంక్తేనే! రెండు బంతులు, మధ్యలో వడ్డించేవాళ్ళు తిరిగే దారి. ఆ చివర కుర్చీలో పెళ్ళికూతురి తండ్రి" అన్నాను.

అది పగలబడి నవ్వింది. నవ్వు తగ్గాక ఆ సభ కథ చెప్పింది. ఆ ఎలక్షన్లో ఏ పార్టీకీ సగం సీట్లు రాలేదట. ఓటు పెట్టినప్పుడల్లా ఎవరు ఏ వైపు లేచి నిలబడతారోనని గుండెలు పట్టుకుని కూర్చునేవారట. చివరికి ఒకే ఒక్క ఓటు తేడాతో ప్రభుత్వం పడిపోయిందట. జనవరిలో మొదలైన సభ జూలై మొదట్లో చెప్పాపెట్టకుండా రద్దయిపోయింది. రోజుల తరబడి రైల్లో వచ్చినవాళ్ళు కూడా పెట్టెలు సర్దుకుని వెళ్ళిపోయారు.

"అంటే పెరుగు రాకుండానే విస్తళ్ళు ఎత్తేశారన్నమాట" అన్నాను.

అది నా వైపు అలాగే చూసింది. "అమ్మా, దీని మీద నేను ఎన్ని పుస్తకాలు చదివానో తెలుసా? ఎవరూ ఇంత షార్ట్‌గా చెప్పలేదు."

ఆ రోజు నుంచి రోజుకొక మెంబరు మా వంటింట్లోకి వచ్చేవాడు. నేను కూర తరుగుతుంటే అది గట్టు మీద ఎక్కి కూర్చుని, జుట్టులో పెన్సిలు గుచ్చుకుని చెప్పేది. ఒకాయన డాక్టరు. ఒకాయనకి చెక్కల మిల్లు. ఒకాయన పాలు పితికి, పొలం చూసుకుని, ఎలక్షన్లో నిలబడి గెలిచాడు. ఒకాయన లేచాడంటే గంటలకి గంటలు మాట్లాడేవాడట. "మధ్యలో మంచినీళ్ళెవరిచ్చారే పాపం?" అని నేనడిగేదాన్ని. "నువ్వడిగేవి మా ఆఫీసులో ఎవరూ అడగరమ్మా" అనేది. అది వెటకారమో మెచ్చుకోలో నాకు తెలిసేది కాదు. చెబుతూ చెబుతూ నేను తరిగిన కారెట్లు సగం నమిలేసేది. కంచం ముందు కూర్చుంటే మాత్రం నాలుగు ముద్దలకే లేచిపోయేది.

ఒకసారి పార్లమెంటు కొండ మీదికి తీసుకెళ్ళింది. ఆ పాత సభ ఉన్న కట్టడం ఇప్పుడు రిపేర్లలో ఉంది. చుట్టూ కంచె, పైన క్రేన్లు. లోపలికి వెళ్ళనివ్వరు. ఇది కంచె బయట నిలబడి, రాతి గోడ వైపు వేలు చూపించి, "అదిగో, అక్కడ లోపల, మూడో వరస చివర మన మౌనస్వామి" అంది.

మౌనస్వామి గురించి చెప్పాలి.

సభలో ఎవరేం మాట్లాడినా అచ్చేసిన లావుపాటి పుస్తకాలు ఉంటాయట. మిగతా అందరి గురించీ అందులో ఏదో ఒకటి దొరికింది. ఈ ఒక్కాయన ఒక్క మాట కూడా మాట్లాడలేదు. పడమటి వైపు గోధుమ పొలాల మధ్య ఒక నియోజకవర్గం నుంచి గెలిచి వచ్చాడు. రోజూ సభకి వచ్చాడు. ఓటు పెట్టినప్పుడు లేచి నిలబడ్డాడు. మళ్ళీ కూర్చున్నాడు. తరవాత ఎలక్షన్లో నిలబడలేదు. అంతే తెలుసు. ఫోటో కూడా లేదు. మౌనస్వామి అని పేరు పెట్టింది నేనే. సాయంత్రం అది ఇంటికి రాగానే, "ఏమే, ఇవాళైనా స్వామివారు నోరు విప్పారా?" అని అడిగేదాన్ని.

"మా పెద్దాయన ఆయనకి ఒక్క లైను చాలంటున్నాడు. 'మెంబరుగా ఉన్నారు, సభలో మాట్లాడలేదు' అని. మిగతా పేజీ ఖాళీ" అంది ఒకరోజు. పెద్దాయనంటే ఆఫీసులో దాని పైవాడు. నాకు అందులో తప్పేం కనిపించలేదు. దానికి కనిపించింది. "ఒక్క లైను మనిషి ఎవరూ ఉండరమ్మా" అంది. ఆ మాట తరవాత చాలాసార్లు అంది.

అంతలో ఈ జబ్బు వచ్చింది. ఆఫీసుకి వెళ్ళడం మానేసి భోజనాల బల్లనే ఆఫీసు చేసుకుంది. జుట్టు పోయింది. పెన్సిలు గుచ్చుకోవడానికి తలకి కట్టుకున్న రుమాలు మిగిలింది. మిగతా మెంబర్ల పేజీలన్నీ అయిపోయాయి. ఈయన ఒక్కడూ ఉండిపోయాడు. సెప్టెంబరులో డాక్టరు, ఈ మందు కూడా పనిచేయడం లేదని చెప్పింది. తిరిగి వస్తుంటే టాక్సీలో ఇది తల రుమాలు సర్దుకుంది. తరవాత, "అయితే మౌనస్వామి సంగతి తొందరగా చూడాలి" అంది. నేను కిటికీ వైపు తిరిగిపోయాను.

ఎవరెవరికో ఉత్తరాలు రాసి, ఫోన్లు చేసి, చివరికి ఆయన మనవరాలిని పట్టుకుంది. ఎనభై అయిదేళ్ళ మనిషి. పెళ్ళయి ఎప్పుడో ఇటు వచ్చేసి, మా ఇంటి నుంచి ముప్పావుగంట దూరంలో ఆర్న్‌ప్రయర్ అనే చిన్న ఊళ్ళో ఒక్కతే ఉంటోంది. నాకు ఆవిణ్ణి మామ్మగారూ అనడమే బాగుంటుంది. తాత గురించి తనకేమీ తెలియదని ఫోన్లో చెప్పి, ఇంట్లో ఉన్న ఒకే ఒక్క ఫోటో మాత్రం ఆఫీసువాళ్ళ చేతికిచ్చి పంపింది.

ఫోటో వచ్చింది శుక్రవారం నాడు. అట్ట మీద అతికించిన పాత ఫోటో. సన్నటి మనిషి. పెద్ద చెవులు. కోటు ఎవరినో అడిగి తొడుక్కున్నట్టుంది. పెదాలు గట్టిగా బిగించి ఉన్నాడు. "చూడు, ఫోటోలో కూడా మాట్లాడడం లేదు" అని ఇద్దరం నవ్వుకున్నాం. అది పైకి వెళ్ళి పడుకుంది. నేను దీపం పెట్టబోతూ ఆ ఫోటోని దేవుడి దగ్గరికి తీసుకెళ్ళాను. మన ఇళ్ళల్లో మంచి కాగితం ఏది వచ్చినా నాలుగు మూలలా పసుపు రాస్తాం కదా. శుభలేఖలకి రాస్తాం. ఇంటి పత్రాలకి రాస్తాం. దాని డిగ్రీ సర్టిఫికెట్టుకి కూడా రాశాను, ఇప్పటికీ గోడ మీద పచ్చటి మూలలతోనే ఉంది. ఇన్నాళ్ళు వెతికిన మొహం దొరికింది, ఇంతకన్నా శుభం ఏముంది అనుకుని, పసుపు తడిపి బొటనవేలితో నాలుగు మూలలా అద్దాను. వందేళ్ళ నాటి అట్ట. పీల్చేసుకుంది.

అది కిందికి దిగి చూసింది.

"అమ్మా! ఏం చేశావ్?"

"పసుపేనే..."

"ఇది మనది కాదు! ఒరిజినల్! ఇంకొకటి లేదు! ఆవిడ నన్ను నమ్మి ఇచ్చింది!" తడిగుడ్డ తెచ్చి తుడవబోయింది. ఇంకా పాకింది. గుడ్డ విసిరి కొట్టి, "చదువు లేకపోతే లేదు, నోరుంది కదా, ఒక్క మాట అడగొచ్చు కదా!" అంది.

ఇన్నేళ్ళలో అది నా చదువు మాట ఎప్పుడూ ఎత్తలేదు. నేను వంటింట్లోకి వెళ్ళి అంట్లు తోముకున్నాను. రెండు రోజులు మా ఇంట్లో ముగ్గురు మౌనస్వాములం. మూడోనాడు కిందికొచ్చి కుర్చీలో కూర్చుని, బల్ల వైపు చూస్తూ మాట్లాడింది.

"రేపు ఆర్న్‌ప్రయర్ వెళ్ళాలి. ఆవిడకి మొహం చూపించి సారీ చెప్పాలి. నువ్వూ వస్తున్నావు."

"నిన్ను డ్రైవ్ చెయ్యొద్దన్నారుగా?"

"అందుకే నువ్వు చేస్తావు."

"హైవే మీదా?"

"పసుపు రాసిన చేత్తోనే స్టీరింగు పట్టుకో. శుభం."

నాకు లైసెన్సు మూడో టెస్టుకి వచ్చింది. పచారీ సామాన్ల కొట్టుకీ, గుడికీ తప్ప ఎక్కడికీ వెళ్ళను. అదీ లోపలి రోడ్ల మీదే. ఆ రోజు హైవే ఎక్కాను. పక్కన చెట్లన్నీ ఎర్రగా మండుతున్నాయట, ఇది చెబుతోంది గానీ నేను చూస్తేగా.

"అమ్మా, మరీ స్లోగా వెళ్తున్నావు. వెనకవాళ్ళు తిట్టుకుంటున్నారు."

"తిట్టుకోనీ. తెలుగులో తిడుతున్నారా ఏంటి?"

అది కడుపు పట్టుకుని నవ్వింది. నొప్పితో పట్టుకుందో నవ్వుతో పట్టుకుందో చూడడానికి కూడా నేను తల తిప్పలేదు.

మామ్మగారు తలుపు తీసింది. పొడుగు మనిషి, చేతికర్ర. మా అమ్మాయి ఫోటో ఇచ్చి జరిగింది చెప్పింది. ఆవిడ కళ్ళజోడు పెట్టుకుని చాలాసేపు చూసింది. ఈ మరక పోతుందా అని అడిగింది. పోదు అంది మా అమ్మాయి. అయితే ఉండనీ అని, ఫోటోని టీ కప్పుల పక్కన పెట్టేసింది. తిట్టి ఉంటే బాగుండేది.

తరవాత మా అమ్మాయి తన కాగితాలు తీసింది. మీ తాతగారు ఏ పార్టీ వాళ్ళతో తిరిగేవారు, ఎందుకు మాట్లాడలేదు, ఎందుకు మళ్ళీ నిలబడలేదు. అన్నిటికీ మామ్మగారిది ఒకటే జవాబు, తెలియదు అని. ఇంటి దగ్గర కూడా ఆయన పెద్దగా మాట్లాడేవాడు కాదట. మా అమ్మాయి పెన్సిలు కింద పెట్టేసింది. అలసిపోయింది. ఇంత దూరం వచ్చింది ఇందుకా అనిపించింది నాకు. ఊరుకోలేక నాకొచ్చిన ఇంగ్లీషులో అడిగాను.

"హీ ఈటింగ్ వాట్? హియర్, ఒట్టావా. కుకింగ్ హూ?"

మా అమ్మాయి నుదురు పట్టుకుంది. మామ్మగారు నా వైపు తిరిగింది. మొదటిసారి ఆవిడ మొహంలో నవ్వు చూశాను. ఇంతవరకూ తనని ఎవరూ ఆ మాట అడగలేదని, తాత తన నానమ్మకి రోజూ రాసిన ఉత్తరాల నిండా అదే గొడవని చెప్పి, లోపలికి వెళ్ళి ఒక రేకు డబ్బా తెచ్చింది. అయిదు కట్టల ఉత్తరాలు. అందులో రాజకీయాలేమీ లేవని, తిండి గురించీ బూట్ల గురించీ తప్ప ఏమీ లేదని, అందుకే చెప్పలేదని అంది.

మా అమ్మాయి చెయ్యి చాచింది. మామ్మగారు డబ్బా వెనక్కి తీసుకుంది. ఉత్తరాలు ఇల్లు దాటవు అంది. ఫోన్లో ఫోటోలు కూడా తీయకూడదంది. కర్రతో నన్ను చూపించి, మీ అమ్మ చేతిలో రంగు ఉంది అంది. కావాలంటే వచ్చి ఇక్కడే చదువుకోండి, ఒక్కో రోజుకి ఒక్కో కట్ట.

ఆ రోజే మొదటి కట్ట చదివాం. అలా మొదలయ్యాయి మా ప్రయాణాలు. మామ్మగారి సోఫాలో అది ఇంగ్లీషులో ఒక వాక్యం చదివి నాకు తెలుగులో చెప్పేది. దానికి తెలుగు మాట దొరక్కపోతే నేను అందించేదాన్ని. ఆయన ఒక ఇంట్లో గది అద్దెకి తీసుకుని ఉండేవాడు. ఆ ఇంటావిడ పెట్టే కాబేజీ నీళ్ళల్లా ఉండేదట, మాంసం బూటు అడుగులా ఉండేదట. కొత్త బూట్లు కరిచేవట. పక్క సీటు ఆయన కూర్చునే నిద్రపోయేవాడట. ఇది నవ్వుతూ చదివేది. మామ్మగారు వింటూ టీ పోసేది.

మూడో కట్టలో ఆయన కొడుకు గురించి వచ్చింది. రెండేళ్ళ పిల్లాడు. చలికాలంలో జ్వరం తగిలితే, రైలు స్టేషను చాలా దూరం, గొంగళ్ళలో చుట్టి మంచు బండి మీద తీసుకెళ్తుంటే దారిలోనే పోయాడు. మన ఊరికి రైలు తెప్పించమని పార్లమెంటులో నువ్వే అడుగు అని భార్యే ఆయన్ని ఎలక్షన్లో నిలబెట్టింది. ఆయనకి నలుగురిలో నోరు లేవదు. అయినా ఒప్పుకుని వచ్చాడు. మా అమ్మాయి అక్కడ చదవడం ఆపింది. తెలుగు మాట దొరక్క కాదు. మామ్మగారికి కూడా ఆ పిల్లాడి సంగతి అప్పటిదాకా తెలియదు. ఆ ఉత్తరాలు ఆవిడ అంత లోపలిదాకా ఎప్పుడూ చదవలేదట.

ఆ ప్రయాణం తరవాత ఇది రెండు రోజులు మంచం దిగలేదు. విజయవాడ నుంచి మా అక్క ఫోను చేసింది. "పిల్లని పడుకోబెట్టి ఇంత పథ్యం పెట్టక, ఊళ్ళు తిప్పుతున్నావా? బుద్ధుందా నీకు?" అంది. అక్క అన్నదాంట్లో అబద్ధం లేదు. నేను పసుపు రాయకపోతే ఆ డబ్బా మా ఇంటికే వచ్చేది. ఇది పక్క మీద పడుకుని చదువుకునేది. నా వేలి వల్ల, మిగిలిన కాస్త ఓపికా హైవే పాలయింది. కారు తాళాలు బియ్యం డబ్బాలో దాచేశాను.

అది గోడ పట్టుకుని దిగి వచ్చింది. "కీస్ ఏవమ్మా?"

"ఏమో, నాకేం తెలుసు."

మెట్ల మీద కూర్చుండిపోయింది. కోపం లేదు. "అమ్మా, నేను పడుకున్నా పోతాను, కూర్చున్నా పోతాను. ఆయన మాత్రం నేను కూర్చుంటేనే మాట్లాడతాడు."

నేను వంటింట్లోకి వెళ్ళి బియ్యంలో చెయ్యి పెట్టాను.

అయిదో కట్టలో దొరికింది. ఎంత మంది ముందున్నా సరే వచ్చే వారం తన వంతు తప్పకుండా వస్తుందని, మాటలన్నీ రాసిపెట్టుకున్నానని, రోజూ అద్దం ముందు చదువుకుంటున్నానని రాశాడు. దాని తరవాతిది ఆఖరి ఉత్తరం. చాలా చిన్నది. సభ ఎత్తేశారు. రాసుకున్నది నా గదిలో గోడకి చదివి వినిపించాను. ఇంటికి వస్తున్నాను. ఆ ఉత్తరం మడతలో ఇంకో రెండు కాగితాలున్నాయి. గోడకి వినిపించిన మాటలు అవే.

ఆ రోజు ఫోటోలు తీసుకోవడానికి మామ్మగారు ఒప్పుకుంది. మా అమ్మాయి కాగితాలు సర్ది పెడుతుంటే ఫోను నేను పట్టుకున్నాను. తిరిగి వస్తూ దారంతా అది ఆ రెండు కాగితాలూ బయటికి చదివింది. నేను వింటూ నడిపాను. హైవే మీద భయపడడం మర్చిపోయాను.

పేజీ రాయడానికి ఆరు వారాలు పట్టింది. కూర్చోగలిగినంతసేపు కూర్చుని రెండు వాక్యాలు రాసేది. పడుకునేది. డిసెంబరు చివర్లో పంపించింది. పెద్దాయన ఫోను చేశాడు. స్పీకర్లో పెట్టి నన్ను పిలిచింది. ఒక్క మాట కూడా తియ్యనని, ఆ ప్రసంగం మొత్తం పడాలంటే పేజీ చాలదు, రెండు పేజీలు ఇస్తున్నానని అన్నాడు. ఇది ఫోను పెట్టేసి, "విన్నావా, అందరికీ ఒక పేజీ, స్వామివారికి రెండు" అంది. ఆ పూట మజ్జిగ అన్నం గిన్నెడు తింది. నాకు బాగా గుర్తు, ఎందుకంటే తరవాత మళ్ళీ అంత తినలేదు.

ఫిబ్రవరిలో వెళ్ళిపోయింది. పుస్తకం ఇంకా అచ్చులో ఉంది.

పన్నెండు రోజులూ అయ్యాక ఇల్లు ఖాళీ అయింది. స్టవ్ వెలిగించేదాన్ని, గిన్నె పెట్టేదాన్ని, ఆర్పేసేదాన్ని. ఎవరైనా డబ్బాలో కూర తెచ్చిస్తే ఫ్రిజ్‌లో పెట్టి మర్చిపోయేదాన్ని. మనసంతా ఒకే లెక్క. అయిదుసార్లు వెళ్ళి అయిదుసార్లు వచ్చాం. ఒక్కోసారికి గంటన్నర ప్రయాణం. అన్ని గంటలు దాన్ని కుదిపాను. నా వేలు చేసిన పని. ఇంకో వారం ఉండేదేమో. ఇంకో నెల ఉండేదేమో. ఈ మాట ఎవరికీ చెప్పలేదు. అక్కకి అసలు చెప్పలేదు.

ఒక మధ్యాహ్నం కాలింగ్ బెల్ మోగింది. మామ్మగారు. తనే కారు నడుపుకుంటూ వచ్చింది. ఆఫీసువాళ్ళు కబురు చెప్పారట. ఒక చేతిలో కర్ర, ఇంకో చేతిలో గుడ్డ చుట్టిన గాజు పళ్ళెం. బంగాళాదుంపలు, బఠాణీలు, పైన చీజు. మాంసం వెయ్యలేదని రెండుసార్లు చెప్పింది.

లోపలికొచ్చి కూర్చుంది. నాకు ఆవిడ ఇంగ్లీషు సగం అర్థమవుతుంది. ఆవిడకి నాది అంతకన్నా తక్కువ. మంచినీళ్ళు తెచ్చి ఆవిడ ముందు పెట్టాను. ఉన్నట్టుండి నా లోపలిది బయటికొచ్చేసింది. "మై మిస్టేక్. ఎల్లో. మై మిస్టేక్. యూ నాట్ గివింగ్ లెటర్స్. షీ టయర్డ్." ఏడుస్తూ నా బొటనవేలు చూపించాను.

మామ్మగారు నా వేలు వైపు చూసింది. తరవాత నాకు అర్థం కావాలని ఒక్కొక్క మాటా ఆపి ఆపి చెప్పింది. పసుపు వల్ల కాదు అంది. ఆ రోజే డబ్బా ఇచ్చేద్దామనుకున్నాను అంది. కానీ ఇచ్చేస్తే మీరు మళ్ళీ రారు. నా ఇంటికి ఎవరూ రారు. మీ ఇద్దరూ సోఫాలో కూర్చుని మీ భాషలో నవ్వుకుంటుంటే ఇల్లు ఇల్లులా ఉంది. అందుకే రంగు అని అబద్ధం చెప్పాను, రోజుకొక కట్టే ఇచ్చాను. ఆ పిల్లకి అంత జబ్బని నాలుగోసారి దాకా నాకు తెలియదు. తెలిశాక ఆ రోజే మొత్తం డబ్బా తన ముందు పెట్టాను, తనే వద్దంది.

"వై?" అన్నాను.

అమ్మకి హైవే అలవాటవుతోంది, ఇంకోసారి రానీ అందట. తను లేకపోయినా అమ్మ ఎక్కడికైనా వెళ్ళగలగాలి అందట.

మా అమ్మాయి నాకు చెప్పని మాట ఒకటి ఆవిడ దగ్గర ఉండిపోయింది. అది వినడానికి ఇన్నాళ్ళు పట్టింది.

మామ్మగారు లేచి, అడక్కుండానే మా వంటింట్లోకి వెళ్ళి కంచాలు వెతికి తెచ్చింది. నేను పప్పు వేడి చేశాను. కుక్కర్లో కాస్త అన్నం పెట్టాను. బల్లకి ఈ వైపు నేను, ఆ వైపు ఆవిడ. బంగాళాదుంపల్లో ఉప్పు లేదు. ఆవిడ పప్పన్నం చెంచాతో కలుపుకుని, కారానికి ముక్కు తుడుచుకుంటూ మొత్తం తింది. తన కంచం ఖాళీ అయ్యాక నా కంచం వైపు చూసింది. నాది ఇంకా సగం ఉంది. బయట చూరుకి వేలాడుతున్న మంచు కరిగి బొట్లు బొట్లుగా పడుతోంది. ఆవిడ లేవలేదు. చేతులు ఒళ్ళో పెట్టుకుని, నేను ఆఖరి ముద్ద తినేదాకా అలాగే కూర్చుంది.

ఇంత దూరం చదివారు. ఇవాళ వేళకి కూర్చుని, కడుపునిండా అన్నం తినండి.